శనక్కాయల పేరున్న కామిక్, దాన్లోని కుక్క

పోయిన నెల ఈ పేజీలో చార్లెస్ షుల్జ్ అనే అమెరికా కార్టూనిస్టు గురించి ఒక చిన్న పేరా రాశాను. స్నూపీ అనే కుక్కను గీసినాయన. పిల్లల బ్యాగుల మీద, టీషర్టుల మీద నల్ల చెవుల తెల్ల కుక్క ఒకటి కనిపిస్తుంటుంది కదా, అదే. ఆ ఒక్క పేరాకి ఇన్ని ఉత్తరాలు వస్తాయని అనుకోలేదు, అందులోనూ చాలావరకు మన అనంతపురం, కడప, కర్నూలు వైపువే. అందుకే ఈసారి పేజీ మొత్తం దానికే ఇస్తున్నాను. వంటల గురించి, జుట్టు రాలడం గురించి అడిగినవాళ్ళు వచ్చే నెల దాకా ఓపిక పట్టండి.

ప్ర: ఆ కామిక్ పేరు 'పీనట్స్' అని రాశావు గదమ్మా. అంటే మన శనక్కాయలే కదా? కుక్కకీ శనక్కాయలకీ ఏం సంబంధం?
– ఒక రైతు, కళ్యాణదుర్గం

జ: ఏ సంబంధమూ లేదన్నా. షుల్జ్ తన బొమ్మలకు పెట్టుకున్న పేరు వేరే, 'లిల్ ఫోక్స్'. అంటే చిన్న మనుషులు అనుకోండి. 1947 నుంచి 1950 దాకా వాళ్ళ ఊరి పేపర్లో ఆ పేరుతోనే వేశాడు. తర్వాత దేశంలోని పేపర్లన్నిటికీ కార్టూన్లు అమ్మే సంస్థ ఒకటి దాన్ని తీసుకుంది గానీ, అలాంటి పేర్లు అప్పటికే వేరేవాళ్ళకు ఉన్నాయని చెప్పి 'పీనట్స్' అని మార్చేసింది. అప్పట్లో టీవీలో ఒక పిల్లల ప్రోగ్రాం వచ్చేది, అందులో పిల్లలు కూర్చునే చోటును శనక్కాయల గ్యాలరీ అనేవాళ్ళు, పేరు అక్కడి నుంచి వచ్చింది. మనకు బుడ్డలంటే పంట, అప్పు, వాన, కూతురి పెళ్ళి, అన్నీ అందులోనే. వాళ్ళ వాడుకలో మాత్రం ఆ మాటకు లెక్కలోకి రాని చిల్లర అని కూడా అర్థం ఉంది. ఆ పేరు ఆయనకు చివరిదాకా నచ్చలేదు, బొమ్మలకు గౌరవం లేకుండా చేసిందని బాధపడేవాడు. 1950 అక్టోబర్ 2న 7 పేపర్లలో మొదలైంది, తర్వాత 75 దేశాల్లో, 2,600 పేపర్ల దాకా పోయింది.

ప్ర: అక్కా, నేను డిగ్రీ రెండో సంవత్సరం. మా వీధిలో తిరిగే కుక్క, దాని వెంట తిరిగే ఒక అబ్బాయి మీద కామిక్ వేయాలని ఆరు నెలలుగా ప్రయత్నిస్తున్నాను. ఎంత వేసినా స్నూపీ లాగానో, టిన్‌టిన్ కుక్క లాగానో వస్తోంది గానీ మా కుక్కలా రావడం లేదు. దాని చేత మాట్లాడించాలా వద్దా అనేది ఇంకో టెన్షన్. షుల్జ్ ఎలా చేశాడు? ఒక్కో కామిక్‌కి ఎన్ని గళ్ళు వేయాలో కూడా చెప్పు.
– ఉరవకొండ

జ: తమ్ముడూ, నువ్వు పంపిన మూడు బొమ్మలూ చూశాను. మొదటి రెండూ నువ్వన్నట్టే ఎవరివో కుక్కలు. మూడోదానిలో కుక్క వెనక కాలితో మెడ గీరుకుంటోంది చూడు, అది నీది. కాలు వంకరగా వచ్చిందని పక్కన క్షమాపణ రాసుకున్నావు గానీ, గీరుకునేటప్పుడు నిజం కుక్క అట్లే పక్కకు ఒరిగి, మూతి బిగించి, కళ్ళు సగం మూస్తుంది. అది నువ్వు చూసి వేసింది. మిగతా రెండూ చూడకుండా వేసినవి.

షుల్జ్ సంగతి చెబుతాను, నీ ప్రశ్నకు జవాబు అందులోనే ఉంది. ఆయన చిన్నప్పుడు వాళ్ళింట్లో స్పైక్ అని నలుపూ తెలుపూ కుక్క ఉండేది. ఏది దొరికితే అది మింగేది: గుండుసూదులు, మేకులు, బ్లేడ్లు కూడా. 'నమ్మితే నమ్మండి' అంటూ ప్రపంచంలోని వింతలు వేసే రిప్లీ గారి శీర్షిక ఒకటి పేపర్లలో వచ్చేది, షుల్జ్ ఆ కుక్క బొమ్మ వేసి దానికి పంపాడు. 1937లో అచ్చయింది. అప్పటికి పిల్లవాడికి 14 ఏళ్ళు. అంటే ఆయన మొట్టమొదట అచ్చులో చూసుకున్న బొమ్మ ఇంట్లో కుక్కదే. స్నూపీ ఎక్కడో ఊహలోంచి ఊడిపడలేదు, స్పైక్‌ని చూసీ చూసీ పుట్టాడు. ఆ పేరు కూడా ఇంట్లోదే. ముందు 'స్నిఫీ' అనుకున్నాడు, ఆ పేరుతో ఇంకో కామిక్‌లో కుక్క ఉందని తెలిసింది. అప్పుడు వాళ్ళమ్మ ఎప్పుడో అన్న మాట గుర్తుకొచ్చింది, మళ్ళీ కుక్కను తెచ్చుకుంటే స్నూపీ అని పిలుద్దామని. ఆ తల్లి 1943లో క్యాన్సర్‌తో పోయింది, సరిగ్గా ఈయన్ని సైన్యంలోకి తీసుకున్న రోజుల్లో. కొడుకు కామిక్ ఆమె చూడనేలేదు. ఆ పేరు పలికినప్పుడల్లా ఆయనకు ఎవరు గుర్తొచ్చి ఉంటారో ఆలోచించు.

1975లో స్నూపీకి ఒక అన్నను తెచ్చాడు, వాడికి స్పైక్ అనే పేరు పెట్టాడు. ఈ స్పైక్ కాలిఫోర్నియా ఎడారిలో ఒంటరిగా ఉంటాడు, బక్కచిక్కిపోయి, నెత్తిన టోపీతో, పక్కనున్న బ్రహ్మజెముడు చెట్టుతో మాట్లాడుకుంటూ. నాకైతే స్నూపీ కంటే ఈ స్పైకే ఎక్కువ ఇష్టం. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడితే గొప్ప అనుకునే జిల్లాలో పుట్టినవాళ్ళకు ఆ ఎండా, ఆ ఖాళీ నేలా, అందులో ఒక్క కుక్కా చూస్తే ఎవరూ వివరించాల్సిన పని లేదు. అది నీ కిటికీలోంచి కనిపించే దృశ్యమే కదా తమ్ముడూ.

నేను పందొమ్మిదేళ్ళప్పుడు ఇదే తప్పు చేశాను. ఊర్లో కుక్క మీద కథ రాసి, బొమ్మలు మాత్రం క్యాలెండర్లో ఉన్న అల్సేషన్‌ను చూసి వేశాను. అరుగు మీద కూర్చునే మా జేజికి చూపిస్తే, "ఇదెవరింటి కుక్కమ్మా, మన ఊర్లో లేదే" అంది. ఆ మాట నాకు ఇప్పటికీ పని చేస్తోంది.

కాబట్టి నెల రోజులు కామిక్ పక్కన పెట్టు. కుక్కను చూడు. మా వీధి చివర వేసవిలో చలివేంద్రం పెడతారు. కుండల కింద ఇసుక ఎప్పుడూ తడిగా ఉంటుంది. మధ్యాహ్నం పన్నెండు దాటితే ఒక ఎర్ర కుక్క వచ్చి, ముందుకాళ్ళతో పైపొర గీకి పక్కకు తోసి, అదే చోట రెండు మూడు సార్లు చుట్టూ తిరిగి, ఒక్కసారిగా ధబ్బున పడుతుంది. పొట్ట తడికి ఆనిస్తుంది. ఎవరైనా గ్లాసు ముంచితే ముందు చెవి లేస్తుంది, చప్పుడు వైపు తిరుగుతుంది, ఆ తర్వాతే కన్ను తెరుచుకుంటుంది, అదీ పైనున్న కన్ను ఒక్కటే. తోక చివర రెండంగుళాలు మాత్రం కదులుతుంది. ఈ వరస నాకు తెలియడానికి నాలుగు రోజులు పట్టింది. ఒకసారి తెలిశాక మూడు గీతల్లో వేయగలిగాను.

ఇంకో మాట, నీ బొమ్మల్లో వెనక కాళ్ళు తేడాగా ఉండడానికి కారణం ఉంది. కుక్క వెనక కాలికి వెనక్కి వంగినట్టు కనిపించే కీలు మోకాలు కాదు, అది మన మడమ లాంటిది. మోకాలు ఇంకా పైన, పొట్ట దగ్గర ఉంటుంది. కుక్క నడిచేది వేళ్ళ మీద. ఇది మనసులో పెట్టుకుని వేస్తే సగం కష్టం తీరుతుంది. మన నాటు కుక్కకు చెవులు నిక్కి ఉంటాయి, వెంట్రుక పొట్టి, తోక పైకి చుట్టుకుంటుంది. స్నూపీ బీగిల్ జాతి, వేలాడే చెవులు. ఆ చెవులు మనదానికి తగిలిస్తే అక్కడే తప్పిపోతుంది.

మాట్లాడించాలా వద్దా అంటే, షుల్జ్ కూడా తొందరపడలేదు. మొదట్లో స్నూపీ నాలుగు కాళ్ళ మీద తిరిగే మామూలు కుక్కపిల్ల. ఏళ్ళ మీద దానికి ఆలోచనలు వచ్చాయి, అవి తల మీద మబ్బులాంటి బుడగలో కనిపించేవి. 1950ల మధ్యలో రెండు కాళ్ళ మీద లేచింది. 1965లో తన గూటి పైకప్పు మీద కూర్చుని అదే యుద్ధ విమానమని ఊహించుకునే దాకా పోయింది. అయినా ఒక నియమం తప్పలేదు: పిల్లలతో అది నోరు విప్పి మాట్లాడదు. చదివే మనకే దాని మనసు తెలుస్తుంది. అదే దాని బలమని నా నమ్మకం. బెల్జియం కార్టూనిస్టు హెర్జే 1929లో టిన్‌టిన్ అనే కుర్ర విలేఖరి కామిక్ మొదలుపెట్టినప్పుడు అతని కుక్క తెగ వ్యాఖ్యానాలు చేసేది, తర్వాత కెప్టెన్ హడాక్ అనే మనిషి వచ్చి చేరాక దాని మాటలు బాగా తగ్గిపోయాయి. చెప్పుకోవడానికి తోడు మనిషి దొరికాక కుక్క చేత చెప్పించాల్సిన అవసరం లేకపోయింది. నీ కథలో అబ్బాయి ఒంటరివాడా, తోడున్నవాడా? ముందు అది తేల్చుకో.

పేరు కూడా మనది పెట్టు. హెర్జే కుక్క ఫ్రెంచిలో మిలూ, ఇంగ్లీషులో స్నోయీ, బెంగాలీ పిల్లలకు మాత్రం కుట్టుస్. ఎవరి నోటికి పలికే పేరు వాళ్ళు పెట్టుకున్నారు. మీ వీధిలో దాన్ని ఏమని పిలుస్తారో నువ్వు రాయనే లేదు.

గళ్ళ గురించి చివర్లో అడిగావు. షుల్జ్ రోజువారీ కామిక్‌ను నాలుగు సమానమైన గళ్ళుగా అమ్మారు, పేపర్‌వాళ్ళు జాగాను బట్టి అడ్డంగా, నిలువుగా, లేదా రెండు మీద రెండుగా పెట్టుకోవచ్చని. నువ్వూ అట్లే నాలుగు వేయి. పత్రికలో అడ్డంగా, ఫోన్‌లో నిలువుగా, రెండిటికీ పనికొస్తుంది.

ప్ర: షుల్జ్ తర్వాత ఆ బొమ్మలు ఎవరు వేస్తున్నారు?
– కర్నూలు

జ: పేపర్ల కోసం కొత్తవి ఎవరూ వేయడం లేదు, అది ఆయన కోరిక. దాదాపు 50 ఏళ్ళలో 17,897 కామిక్‌లు తన చేత్తోనే వేశాడు, సహాయకులను పెట్టుకోలేదు. ఒక రకం పాళీ అలవాటు, అది తయారుచేసే కంపెనీ మూతపడుతుంటే మిగిలిన పాళీలన్నీ కొనిపెట్టుకున్నాడు. 1981లో గుండె ఆపరేషన్ అయ్యాక చెయ్యి వణికేది, చివరి ఏళ్ళ బొమ్మల్లో గీత వణుకు కనిపిస్తుంది, అయినా ఇంకొకరికి ఇవ్వలేదు. 2000 ఫిబ్రవరి 12 రాత్రి పోయాడు. చదువరులకు వీడ్కోలు చెబుతూ ముందే వేసి పంపిన ఆఖరి ఆదివారం కామిక్ మర్నాడు పొద్దున పేపర్లలో వచ్చింది.

ప్ర: అమెరికావాళ్ళ కుక్కల గురించి ఇంత రాస్తున్నారు, మన సాహిత్యంలో కుక్కలే లేవా?
– రిటైర్డ్ తెలుగు పండితుడు, కడప

జ: ఉన్నాయి మాస్టారూ, మీకు తెలియనిది కాదు, చెప్పించాలని అడిగారు. మన భారతం కుక్కతో మొదలై కుక్కతో ముగుస్తుంది. నన్నయ ఆదిపర్వంలో జనమేజయుడి యాగం దగ్గరికి ఆడుకుంటూ వచ్చిన సారమేయుడనే కుక్కపిల్లను అతని తమ్ముళ్ళు ఊరికే కొడతారు. తల్లి సరమ వచ్చి రాజు ముందు నిలబడి, తగునా తగదా అని చూసుకోకుండా పేదలకూ సాధువులకూ కీడు చేసేవాళ్ళకు ఎక్కడినుంచి వస్తాయో తెలియని భయాలు వస్తాయని చెప్పి పోతుంది. ఒక తల్లి కుక్క రాజుకు చెప్పిన మాట అది. చివర్లో ధర్మరాజు తన వెంట నడిచి వచ్చిన కుక్కను వదిలి ఇంద్రుడి రథం ఎక్కనంటాడు. శతకాల్లో మాత్రం కుక్క చాలాచోట్ల తిట్టుగా మారిపోయింది, చెప్పు కొరికేదని, సింహాసనం ఎక్కించినా గుణం మారదని. అది నాకు నచ్చదు. మీ తాళ్ళపాక అన్నమయ్య మాట నచ్చుతుంది: ఏనుగు మీద కాసే ఎండా, కుక్క మీద కాసే ఎండా ఒకటేనన్నాడు. ఎండ గురించి మన సీమవాడు చెబితేనే బాగుంటుంది.

సరమ కథను నాలుగు గళ్ళలో ఎవరైనా వేస్తే చూడాలని ఉంది.

ప్ర: మా వాడు ఇంటర్. పుస్తకాల నిండా కుక్కలు, పిల్లుల బొమ్మలే. బొమ్మలు కూడు పెడతాయా అక్కా? వాళ్ళ నాయన రోజూ గొడవ.
– ఒక తల్లి, ప్రొద్దుటూరు

జ: చెల్లీ, పెడతాయని మాట ఇవ్వలేను. షుల్జ్ వాళ్ళ నాన్న మంగలి షాపు నడిపేవాడు. కొడుకు పోస్టులో బొమ్మల కోర్సు చేస్తానంటే 170 డాలర్ల ఫీజు, అప్పట్లో అది వాళ్ళకు పెద్ద మొత్తం, కంతులు కంతులుగా కట్టాడు. ఆ కోర్సులో పిల్లల బొమ్మలు వేసే పాఠానికి ఈయనకు వచ్చింది సి ప్లస్. తర్వాత ఆయన బతికిందే పిల్లల బొమ్మల మీద. మీ ఆయనకు ఇది చదివి వినిపించు, కానీ దీన్ని చూపించి గెలవాలని మాత్రం చూడొద్దు, ఆయన భయం కూడా న్యాయమైనదే. ఇంటర్ ఆపనీయొద్దు. తర్వాత బీఎఫ్ఏ అని బొమ్మల డిగ్రీ ఉంది, అందుకోసం హైదరాబాద్ దాకా పోవాల్సిన పని లేదు, 2020లో కడపలోనే ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ పెట్టారు. మీ ఊరికి గంటన్నర ప్రయాణం. ఒకరోజు ముగ్గురూ కలిసి పోయి చూసి రండి, అక్కడ చదివే పిల్లలతో వాళ్ళ నాయన్ని మాట్లాడనీ. యానిమేషన్, పాఠ్యపుస్తకాల బొమ్మలు, యాడ్‌లు, పని చాలా రకాలుగా ఉంటుందని వాళ్ళే చెబుతారు.

ప్ర: కుక్కల మీద ముచ్చట్లు బాగానే ఉన్నాయి. పోయిన వారం మా మనవణ్ణి వీధి కుక్క పిక్క పట్టుకుంది. చుట్టుపక్కలవాళ్ళు కారం పెట్టారు. ఆస్పత్రికి పోతే రేపు రండి అన్నారు. మా బాధ ఎవరు రాస్తారు?
– ఒక పెద్దాయన, ఆదోని

జ: మీ కోపం నాకు అర్థమైంది పెద్దాయనా. ఈ పేజీ చదివేవాళ్ళందరూ ముందు ఇది గుర్తుపెట్టుకోండి. కారం, సున్నం, పసుపు, ఆకు పసరు ఏదీ పెట్టొద్దు. సబ్బు పెట్టి, ధారగా పడే నీళ్ళ కింద 15 నిమిషాలు కడగాలి, గడియారం చూసి 15 నిమిషాలు. కట్టు గట్టిగా కట్టొద్దు. అదే రోజు టీకా మొదలుపెట్టాలి, రేపు అంటే ఇంకో ఆస్పత్రికి పోవాలి, ప్రభుత్వ ఆస్పత్రుల్లో ఇది ఉచితం. మొదటి సూది వేసిన రోజును సున్నాగా లెక్కపెట్టి, తర్వాత 3, 7, 28వ రోజుల్లో, వేసే పద్ధతిని బట్టి 14వ రోజు కూడా. రక్తం వచ్చేలా కరిస్తే టీకాతో పాటు గాయం చుట్టూ ఇమ్యునోగ్లోబ్యులిన్ అనే, రేబిస్‌ను అప్పటికప్పుడే అడ్డుకునే మందు కూడా వేయాలి, అడిగి వేయించుకోండి. గాయం మానింది కదా అని చివరి సూదులు మానేయొద్దు, రేబిస్ లక్షణాలు బయటపడ్డాక మనిషి బతకడం దాదాపు ఉండదు. మీ మనవడికి ఇంకా సూదులు మిగిలి ఉంటే, ఈ పత్రిక పక్కన పెట్టి క్యాలెండర్‌లో తేదీలు చూడండి.

వీధి కుక్కలకు పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేసి, రేబిస్ టీకా వేయాలని నిబంధనలున్నాయి. అలా చేసినదానికి గుర్తుగా ఒక చెవి చివర చిన్న కోత పెడతారు. మీ వీధిలో కుక్కల చెవులు చూసి, కోత లేనివి ఎన్ని ఉన్నాయో లెక్క రాసి మున్సిపాలిటీలో అర్జీ ఇవ్వండి. ఒక్కరు కాదు, వీధంతా సంతకాలు పెట్టి. కుక్కలను ప్రేమించేవాళ్ళు మొదటి సంతకం పెట్టాలని నేనంటాను.

ఉరవకొండ తమ్ముడూ, ఇది నీకు కూడా. నీ మూడు బొమ్మల్లోనూ రెండు చెవులూ నున్నగా ఉన్నాయి. మీ కుక్క చెవికి కోత ఉందో లేదో దగ్గరికి పోయి చూసి, ఉంటే ఏ చెవికో రాయి.